దిగేదారిలో బావ గొంతు

బావకూ మరదలు చిన్నదానికీ పడదు. ఉప్పూ నిప్పూ లాగా అనుకునేరు. అవైనా పొయ్యి దగ్గర ఎప్పుడో ఒకప్పుడు కలుస్తాయి. వీళ్లది అంత దగ్గరి చుట్టరికం కాదు. "వాన పడుతోంది బావగారూ" అని చిన్నది అంటే, చేతిలోకి తీసుకున్న గొడుగు మళ్లీ గోడకు తగిలించి, తడుస్తూ వెళ్లి, తడిసి ముద్దయి వచ్చి, గడ్డం మీంచి నీళ్లు కారుతుండగా "ఎక్కడే వాన?" అని అడిగేవాడు బావ. "ఆ కుర్చీ కాలు విరిగింది" అన్న పాపానికి ఏరికోరి అందులోనే కూర్చుని, వెల్లకిలా పడి, పడ్డచోటే పేపరు ఆఖరి పేజీ దాకా చదివి మరీ లేచాడు.

అందుకని ఆ ఇంట్లో ఒక పద్ధతి ఏర్పడిపోయింది. బావ చేత ఏదైనా పని చేయించాలంటే అక్క నెమ్మదిగా చెల్లెలి చెవిలో వేసేది. చెల్లెలు వెళ్లి సరిగ్గా దానికి తలకిందులుగా చెప్పేది. "పంటి డాక్టరు దగ్గరికి ఇప్పుడేం తొందర బావగారూ, నాలుగు రోజులాగితే అదే ఊడిపోతుంది" అంటే చాలు, ఆయన ఒక కాలు చెప్పులో పెట్టి, ఇంకో చెప్పు చేత్తో పట్టుకుని వీధిలో ఉండేవాడు. గ్యాస్ బండ రావాలన్నా, కిటికీ అద్దం మారాలన్నా, ఆయన తల దువ్వుకోవాలన్నా ఇదే దారి. ఇన్నేళ్లలో ఒక్కసారీ గురి తప్పలేదు. గోడ గడియారం అప్పుడప్పుడూ ఆగేది. బావ మొండితనం మాత్రం బ్యాటరీ అడగకుండా నడిచేది.

ఆ పొద్దున మాత్రం అక్క చెల్లెల్ని మెట్ల మీద ఆపి వేరే మాట చెప్పింది.

"ఇవాళ నువ్వు నోరు తెరవకు. సూటిగా వద్దు, తిరగేసీ వద్దు. నీకసలు నోరే లేదనుకో."

"ఆవలింత వస్తే?"

"మింగెయ్."

"తుమ్మొస్తే?"

"ఎగతాళి కాదే. ఇవాళ వాళ్లు కొనకపోతే ఆయన ఇంక నన్ను దీని జోలికి పోనివ్వడు. 'చూశావా, నీ రాతలు ఎవడికి కావాలి' అంటూ చచ్చేదాకా దెప్పుతాడు. నా మాటలు ఆ కొండ మీద వినపడాలి. నాకు కావలసింది అదొక్కటే. ఎవరి గొంతుతో అయితే ఏంటి."

ఆ చివరి మాట అంటున్నప్పుడు అక్క గోడ వైపు చూసింది. చిన్నది కూడా గోడ వైపే చూసింది. అక్కడ గోడ తప్ప ఏమీ లేదు.

ఇంతకీ సంగతి ఏమిటంటే, అది కార్లవాళ్ల కోసం చేసిన టూరు. పక్కన గైడు అక్కర్లేదు. ఫోన్ తెరిచి కారులో పెట్టుకుని కొండదారి పడితే చాలు. కారు ఒక్కో మలుపుకీ వచ్చేసరికి ఫోనే ఆ చోటు కనిపెట్టి, దాని కథ చెబుతుంది. అక్కకు ఆ దారి అరచేతి గీత. పెళ్లికి ముందు ఆ కొండ మీదుగా రొట్టెల వ్యాను నడిపేది. పెళ్లయ్యాక వ్యాను పోయింది, దారి మాత్రం తలలో ఉండిపోయింది. దాన్నే కూర్చుని మాటలుగా రాసింది. చిన్నది ఆ శబ్దాలను కోసి, అతికి, మ్యాపు మీద ఒక్కో చోట పిన్ను గుచ్చి పెట్టింది. గొంతు మాత్రం బావది.

బావ గొంతు గురించి ఊళ్లో తెలియనివాళ్లు చెవిటివాళ్లు, వాళ్లలో కూడా కొందరే. సోఫాల దుకాణం ప్రకటనలన్నీ ఆయనవే. "సోఫా! సోఫా! సోఫా! ఈ రోజే! ఈ రోజే! ఈ రోజే!" అని ఆయన అరిస్తే రేడియోలో స్టేషన్ దానంతటదే పక్కకు జరిగిపోయేది. ఆ గొంతుతోనే కొండనూ చదివాడు. అక్క ఒక్కసారి, ఒకే ఒక్కసారి, "పోనీ నేను చదవనా?" అని అడిగింది. "నువ్వా? తలుపవతల పిల్లి కూడా పలకదు నీ గొంతుకి" అన్నాడు. అక్క మళ్లీ అడగలేదు.

కానీ కొండను సోఫాలా అమ్మకుండా ఉండాలంటే ఎలా పలకాలో ఎవరో ఒకరు చూపించాలి కదా. అందుకని గోడలకు దుప్పట్లు కట్టిన ఆ చిన్న గదిలో అక్క ముందు చదివేది, బావ తరవాత అరిచేవాడు. తప్పు పోతే తిట్టేవాడు. మాటను తిట్టేవాడు, మాట రాసినదాన్ని తిట్టేవాడు, దాని చెల్లెల్ని, మైకును, దుప్పటిని కూడా తిట్టేవాడు. మైకు నడుస్తూనే ఉండేది. తరవాత చిన్నది కూర్చుని, బాగున్న ముక్క ఉంచి మిగతాదంతా కోసేది. కోసిన చెత్త పడెయ్యడానికి ల్యాప్‌టాప్‌లో చోటు లేదు, ఎందుకంటే బావ తన సోఫా ప్రకటన ఒక్కటి కూడా తీసెయ్యనివ్వడు. అందుకని చిన్నది ఒక కిటుకు చేసింది. మ్యాపులో ప్రతి పిన్నుకూ రెండు అరలుంటాయి. ఒకటి ఎక్కేటప్పుడు మోగేది, ఇంకోటి దిగేటప్పుడు మోగేది. ఆ దారిన ఎక్కినవాడు శిఖరం దాటి అవతలి వైపు దిగిపోతాడే గానీ అదే దారిన వెనక్కి రాడు. కాబట్టి దిగే అరలన్నీ ఖాళీ. చెత్తంతా వాటిలో వేసింది. వేసేముందు దాన్ని కూడా వరసగా కోసి, చప్పుడు శుభ్రం చేసి, మలుపుకో ముక్కగా సర్దింది. చెత్తనైనా మడతపెట్టి పారేసే రకం చిన్నది.

టూరు కొనే కంపెనీవాళ్లు కారెక్కి చూసే పరీక్షకు ముందు అదంతా తీసెయ్యాలనే అనుకుంది. అయితే పరీక్ష ఎప్పుడో బావ చెప్పలేదు. పొద్దున టీ తాగుతూ, "ఇవాళే" అన్నాడు. అడగలేదు కాబట్టి చెప్పలేదట. సర్లే, వెనక్కి తిప్పే వెర్రివాడెవడు అనుకుంది చిన్నది.

కంపెనీ తరఫున వచ్చిన పెద్దమనిషి, ఇదివరకు బావతో బేరానికి వచ్చినప్పటిలాగే, నల్లకళ్లద్దాలు పెట్టుకుని గేటు ముందు నిలబడ్డాడు. ఆయన నవ్వి ఎంతకాలమైందో ఆయన పళ్లకే తెలియాలి. బావ చాచిన చేతిని ఒకసారి చూసి, తన చేతిలోని సంచీ అందులో పెట్టాడు.

"నాకు కార్లు పడవు. కొండలు పడవు. తిరిగే మలుపులైతే అసలే పడవు. మొదలుపెట్టండి."

"మీరు కూర్చోండి సార్! మీరు మర్చిపోలేని ప్రయాణం!" అన్నాడు బావ.

"అరవకండి. ఇక్కడే ఉన్నాను."

నల్లకళ్లద్దాలు ముందు సీట్లో కూర్చున్నాడు. అక్కాచెల్లెళ్లు వెనక. చిన్నది తన ఫోను డ్యాష్‌బోర్డు మీది స్టాండులో పెట్టి టూరు మొదలుపెట్టింది. పొరపాటున వేలు తగిలి ఆగిపోకుండా తెరకు తాళం పడింది. ఆ తాళం చిన్నదాని బొటనవేలికి తప్ప తెరుచుకోదు. ఇక కారు స్పీకర్ల సంగతి. శబ్దం పెంచి తగ్గించే గుండ్రటి మరను బావ ఎప్పుడో పీకి జేబులో వేసుకున్నాడు. తన గొంతును తన కారులో ఎవరూ తగ్గించకూడదని. పొద్దున లేచాక పళ్లు తోముకోవడం మరిచిపోయేవాడు గానీ ఆ మర జేబులో వేసుకోవడం మరిచేవాడు కాదు. ఆ రోజు కొత్త కోటు వేసుకున్నాడు.

దారి ఎక్కడం మొదలైంది. మొదటి మలుపులో బావ గొంతు స్పీకర్లలోంచి దూకింది. "కుడి వైపు చూడండి! పడుకున్న ఏనుగు లాంటి బండ!"

"నేనే సార్, ఆ గొంతు," అన్నాడు బావ స్టీరింగు వెనక నుంచి.

"అర్థమైంది."

"ఏనుగు అన్నచోట చూడండి, ఏ...నుగు అని సాగదీశాను. అది అందరివల్లా కాదు."

"ఆయన్ని మాట్లాడనివ్వండి," అన్నాడు నల్లకళ్లద్దాలు స్పీకరు వైపు వేలు చూపిస్తూ.

బావ మాట్లాడనివ్వలేదు. స్పీకర్లో బావ ఒక మాట అంటే, స్టీరింగు దగ్గర బావ ఆ మాట ఎంత బాగుందో చెప్పేవాడు. ఈలోగా స్పీకర్లో బావ ఇంకో రెండు మాటలు అనేసేవాడు. ఒకే మనిషి ఒకే కారులో తనతో తానే పోటీపడి, తనే ఓడిపోవడం చిన్నది మొదటిసారి చూసింది. నోరు తెరవకూడదు కాబట్టి నాలుక కొరుక్కుంది. పక్కన అక్క ఒళ్లో చేతులు కట్టుకుని, తను రాసిన ఒక్కో వాక్యమూ నలిగి కిటికీలోంచి ఎగిరిపోతుంటే పెదాలు కదుపుతూ కూర్చుంది. లోయలో పొగమంచు, పైన ఎండ. ఆ అందాన్ని చూసే తీరిక కారులో ఎవరికీ లేదు. అందరూ ఎవరో ఒకరిని పళ్లు కొరుకుతూ చూస్తున్నారు.

చాలా మలుపులు తిరిగాక నల్లకళ్లద్దాలు అన్నాడు. "రెండు పాయల జలపాతం ఉందని రాశారు. ఏదీ?"

అది వెనకే ఉండిపోయింది. స్పీకర్లో జలపాతం వచ్చినప్పుడు స్టీరింగు దగ్గర బావ తనకు సోఫాల దుకాణంవాళ్లు ఇచ్చిన సన్మానం గురించి చెబుతున్నాడు.

"అయ్యో, అదెంతసేపు సార్! వెనక్కి తిప్పితే ఇక్కడే కదా!"

చిన్నది వేళ్ల మీద మలుపులు లెక్కపెట్టింది. వెనక్కి తిప్పితే దిగేదారి. దిగేదారి అంటే చెత్త. మలుపుకో ముక్క.

ఏం చెయ్యాలి? అక్కకు మాటిచ్చింది. కానీ మాట్లాడకపోతే బావ తిప్పేస్తాడు. "వద్దు" అంటే ఇంకా గట్టిగా తిప్పుతాడు. ఒక్కటే దారి. ఇన్నేళ్లుగా గురి తప్పని దారి.

"అవునవును బావగారూ, తిప్పండి," అంది చిన్నది. "తిప్పి తీరాల్సిందే. జలపాతం చూడకపోతే ఇంత దూరం రావడమే దండగ."

అక్క చప్పున తలతిప్పి చూసింది. చిన్నది ధీమాగా వెనక్కి ఆనుకుంది. ఇక బావ తిప్పడు. సూర్యుడు పడమట ఉదయించినా తిప్పడు.

బావ అద్దంలోంచి మరదల్ని చూశాడు. పక్కన కూర్చున్న నల్లకళ్లద్దాలను చూశాడు. పెద్దమనిషి ముందు ఇంటి పరువు గుర్తొచ్చింది కాబోలు, మొహం నిండా ఒక నవ్వు పులుముకున్నాడు. ఆ నవ్వు ఆయన మొహానికి అద్దెకు తెచ్చినట్టుంది.

"మా మరదలు పిల్ల చెప్పాక తిరుగేముంది సార్! ఈ ఇంట్లో నేను ఎవరి మాటైనా కాదంటాను గానీ దీని మాట కాదనను."

పెళ్లయిన నాటి నుంచి మొట్టమొదటిసారి, ఆ కొండ మీద, ఆ పూట, బావ చిన్నదాని మాట విన్నాడు. కారు తిరిగింది.

చిన్నది ముందుకు వంగి ఫోను అందుకోబోయింది. "చెయ్యి తియ్యి! డ్రైవింగులో ఉన్నాను, కనపడట్లా?" అని బావ మోచేత్తో తోసేశాడు. అంతలో జలపాతం మలుపు వచ్చింది. స్పీకర్లు గరగరమన్నాయి.

"జలపాతం! జలపాతం! జల... ఛీ! ఏంటే ఇది? 'నీళ్లకు బండ అడ్డొచ్చింది' అట! నీ మొహానికి అడ్డొచ్చింది! ఇది రాయడానికా నువ్వు నా కరెంటు తగలేసింది?"

బావ కాలు బ్రేకు మీద పడబోయి క్లచ్చు మీద పడింది. కారు ఎక్కిళ్లు పెట్టింది. ఆ తిట్టు తరవాత స్పీకర్లలోంచి ఇంకో గొంతు వచ్చింది. గట్టిగా లేదు. తొందర లేదు.

"పోనీ ఇలా అనండి. 'ఇక్కడ కారు ఆపండి. అద్దం దించండి. ముందు చప్పుడు వినపడుతుంది, నీళ్లు తరవాత కనపడతాయి. పైన ఒకే పాయగా బయల్దేరిన నీళ్లకు మధ్యలో ఒక బండ అడ్డొచ్చింది. రెండయ్యాయి. కింద మళ్లీ కలుస్తాయేమో అని చాలామంది వంగి చూస్తారు. వంగకండి. కలవవు.'"

నల్లకళ్లద్దాలు అద్దం దించాడు. చప్పుడు ముందే వినిపించింది.

"కలవవు అంటే ఎవడే డబ్బిచ్చి వినేది?" అని స్పీకర్లో బావ మళ్లీ విరుచుకుపడ్డాడు. "కలుస్తాయి అని చెప్పు! అందరూ హాయిగా ఇంటికి పోతారు!"

"ఇదేదో పొరపాటు సార్!" అన్నాడు స్టీరింగు దగ్గర బావ. ఫోను తెర మీద గుద్దాడు. తాళం పడిన తెర ఊరుకుంది. స్పీకర్ల మర కోసం కుడి జేబు తడిమాడు. ఎడమ జేబు తడిమాడు. పై జేబు తడిమాడు. కొత్త కోటుకు జేబులు చాలా ఉన్నాయి, అన్నీ కొత్తవే. మర ఇంట్లో మేకుకు తగిలించిన పాత చొక్కాలో హాయిగా ఉంది.

"ఆపవే దాన్ని!"

చిన్నది మళ్లీ చెయ్యి చాచింది. నల్లకళ్లద్దాలు అరచెయ్యి అడ్డం పెట్టాడు. "ఉంచండి."

వెనకాల ఒక లారీ వచ్చి కారు తోకను కరుచుకుంది. ఒక పక్క కొండ, ఒక పక్క లోయ. ఆగడానికి లేదు, తిరగడానికి లేదు. కిందికే పోవాలి. పోయినకొద్దీ మలుపులు, మలుపు మలుపుకీ బావ.

"ఆ కంపెనీవాడికి ఏం తెలుసే? ఆ నల్లకళ్లద్దాలవాడికి కొండను చూపించినా ఒకటే, వాళ్ల అత్తగారిని చూపించినా ఒకటే!"

నల్లకళ్లద్దాలు మెల్లగా తల తిప్పాడు.

"మా అత్తగారిని మీరెప్పుడు చూశారు?"

"చూడలేదు సార్! ఒట్టు సార్! ఏదో మాటవరసకి..."

"మరి సరిగ్గా ఎలా చెప్పారు?"

తరవాతి మలుపులో బావ మరదల్ని తిట్టాడు. "నీ చెల్లెలు ఈ కొంపకు పట్టిన చెద. తలుపులు తినేసి, గుమ్మాలు తినేసి, ఇప్పుడు నా మనశ్శాంతి తింటోంది!" ఇది చిన్నదానికి బాగా నచ్చిన ముక్క, రాత్రుళ్లు నిద్ర పట్టకపోతే విని పడుకునేది. ఇప్పుడు మాత్రం పక్కన అక్క ఊపిరి వినిపిస్తుంటే అంత బాగా అనిపించలేదు. ప్రతి తిట్టు వెనకా అక్క గొంతు వచ్చింది. తిట్టు విననట్టే, మైకు ముందు ఇంకెవరూ లేనట్టే, ఆ చోటు గురించి మళ్లీ మొదటి నుంచి చదివింది. బండ మీద ఎరుపు ఎక్కడ పడుతుందో, మంచు ఏ వేళకు లేస్తుందో, వ్యాను ఇంజను వేడెక్కితే ఏ ఊట దగ్గర నీళ్లు పట్టుకునేదో. నల్లకళ్లద్దాలు అద్దాలు తీసి చేత్తో పట్టుకున్నాడు. ఆయనకు కళ్లున్నాయని అప్పుడు తెలిసింది.

లారీలు ఆగే ఖాళీ జాగా ఒకటి వచ్చింది. బావ కారు అందులోకి విసిరేసినట్టు ఆపాడు. వెనక లారీ హారను మోగించుకుంటూ దిగిపోయింది.

"ఈ గొంతెవరిది?" అని అడిగాడు నల్లకళ్లద్దాలు.

"నాది," అంది అక్క.

"మాటలు?"

"అవీ నావే."

"ఆయన్ని తీసేసి ఇది పెడితే ఆలోచించొచ్చు."

"నన్ను తీసేస్తారా!" బావ సీట్లోనే లేచి నిలబడబోయి కారు కప్పుకు తల కొట్టుకున్నాడు. "నా గొంతు లేకపోతే మాటలూ లేవు, కొండా లేదు! అది రాసిందెక్కడ? నా ఇంట్లో. ఎవరి కుర్చీలో? నా కుర్చీలో!"

"కాలు విరిగిన కుర్చీ," అంది చిన్నది.

"దిగు! నువ్వు దిగు! నువ్వూ దిగవే! సార్ మీరూ దిగండి! నా కారులో కూర్చుని నా గొంతుకు వంక పెట్టేవాడు ఎవడైనా సరే, దిగాల్సిందే!"

అందరికంటే ముందు అక్క దిగింది. ఏవండీ అనలేదు, వినండి అనలేదు. తలుపు తీసి, దిగి, తలుపు వేసింది. గట్టిగా కూడా వెయ్యలేదు. నల్లకళ్లద్దాలు తన సంచీ తీసుకుని దిగాడు. చిన్నది దిగి, కిటికీలోంచి లోపలికి వంగింది. ఫోను ఇంకా స్టాండులోనే మెరుస్తోంది.

"బావగారూ, నా ఫోను ఇచ్చెయ్యండి. మీకెందుకది? ఇచ్చెయ్యండి, ప్లీజ్."

"ఇవ్వను!" అన్నాడు బావ. "ఇవ్వనంటే ఇవ్వను! ఏం చేసుకుంటావో చేసుకో!"

బావ మొండితనం మళ్లీ సరిగ్గా నడవడం మొదలుపెట్టింది. చిన్నది చేతులు కట్టుకుని పక్కకు జరిగింది. కారు దుమ్ము లేపుకుంటూ దిగేదారి పట్టింది. మొదటి మలుపు తిరిగీ తిరగకముందే స్పీకర్లలో బావ లేచాడు. స్టీరింగు దగ్గర బావ "నోరుమూయ్!" అన్నాడు. స్పీకర్లో బావ ఊరుకునే రకమా? "నాకే చెబుతావా!" అన్నాడు. ఆ మాట ఎప్పుడో మైకుతో అన్నది, కానీ అతికినట్టు సరిపోయింది. ఆ తరవాత లోయలోంచి ఇద్దరు బావలు పోట్లాడుకుంటున్న చప్పుడు చాలాసేపు వచ్చింది. ఎవరు గెలుస్తున్నారో తెలియలేదు.

"ఇలా ఎంత దూరం?" అన్నాడు నల్లకళ్లద్దాలు.

"కింది దాకా సార్. ఒక్క మలుపు కూడా ఖాళీ లేదు."

అక్క లోయ పక్కనున్న పిట్టగోడ మీద కూర్చుంది. చిన్నది పక్కన కూర్చోబోతే తన సంచీ మధ్యలో పెట్టింది.

"నోరు తెరవొద్దన్నానా?"

"తిప్పమన్నానక్కా! తిప్పమంటే తిప్పడని! ఇన్నేళ్లలో ఎప్పుడైనా..."

"అది కాదు." అక్క ఇటు చూడలేదు. "నన్ను తిట్టినవన్నీ కోసి, కడిగి, దాచిపెట్టుకున్నావా? విని నవ్వుకోవడానికా?"

చిన్నదాని దగ్గర ప్రతిదానికీ ఒక జోకు ఉండేది. జేబులో చిల్లర ఉన్నట్టు. ఇప్పుడు తడిమితే, బావ కోటులోలాగే, ఏమీ దొరకలేదు.

"తిట్ల కోసం కాదు," అంది చివరికి. "వాటి వెనక నువ్వు చదివావు. అది తీసేస్తే నీ గొంతు ఇంకెక్కడా లేదు."

"అలాంటప్పుడు తిట్లు తీసేసి నాది ఉంచొచ్చుగా?"

అబద్ధం చెప్పొచ్చు. వేళ కూడా అనుకూలంగా ఉంది.

"తిట్లు కూడా బాగున్నాయక్కా."

చిన్నది చేతికి అందేంత దూరంలో ఉంది కాబట్టి అక్క ఒక్కటి వేసింది. వీపు మీద, గట్టిగానే. కానీ సంచీ తీసి అవతల పెట్టుకుంది.

నల్లకళ్లద్దాలు ఎదురుగా ఉన్న కొండను చూస్తున్నాడు. చూసి చూసి, "ఆ బండకు సగం దాకా నలుపు, సగం నుంచి ఎరుపు. ఎందుకలా?" అన్నాడు.

"అది టూరులో ఉంది," అంది అక్క.

"తెలుసు. ఇప్పుడు చెప్పండి."

"కొన్నవాళ్లకి చెబుతాను."

నల్లకళ్లద్దాలు అక్కను చూశాడు, చిన్నదాన్ని చూశాడు. "మీ ఇంట్లో మొండితనం అందరికీ ఉందా?"

"లేదు సార్," అంది చిన్నది. "ఈవిడకి ఇవాళే వచ్చింది."

కింది నుంచి ఇంజను చప్పుడు పైకి వచ్చింది. కారు కాదు. అక్క ఆ చప్పుడు విని, చూడకుండానే లేచి, కొంగు దులుపుకుని రోడ్డుకు అడ్డంగా నిలబడింది. రొట్టెల వ్యాను వచ్చి ఆగింది. నడిపేవాడు కిటికీలోంచి తల బయటపెట్టి, గుర్తుపట్టి, "అక్కా! నువ్వా! ఎన్నాళ్లకి!" అన్నాడు. ఒకప్పుడు అక్క దగ్గరే వ్యాను నేర్చుకున్న మనిషి.

"జరుగు."

"ఆఁ?"

"పక్కకి జరుగు. నేను నడుపుతా."

అతను జరిగాడు. నల్లకళ్లద్దాలు, చిన్నది వెనక రొట్టెల ట్రేల మధ్య ఇరుక్కున్నారు. పెద్దమనిషి మోకాళ్లు ఆయన గడ్డానికి తగులుతున్నాయి. వెచ్చటి రొట్టె వాసన.

"కింద ఒక విచిత్రం చూశానక్కా," అన్నాడు వ్యానువాడు. "ఒకాయన కారు రోడ్డు పక్కన ఆపి, బయటికి దిగి, తన కారునే నోటికొచ్చినట్టు తిడుతున్నాడు. ఇంకా విచిత్రం, అది కూడా తిరిగి తిడుతోంది. ఎవరో పాపం. నీకు తెలుసా?"

"తెలియదు," అంది అక్క. గేరు మార్చింది.

వ్యాను ఎక్కుతోంది. వెనక నుంచి నల్లకళ్లద్దాలు ఏదో అడగబోతే, "మలుపు" అంది అక్క, అంతే. జలపాతం దగ్గర ఆపి అద్దం దించింది. చప్పుడు వచ్చింది. నల్లకళ్లద్దాలు రొట్టెల మధ్యలోంచి పాక్కుంటూ వెళ్లి, వెనక తలుపు తీసి, దిగి, పిట్టగోడ దగ్గరికి నడిచాడు. వంగాడు. చాలాసేపు వంగే ఉన్నాడు. అక్క ఆపలేదు.

తిరిగొచ్చి డ్రైవరు కిటికీ దగ్గర నిలబడ్డాడు. మొహం మీద నీటి తుంపర.

"కలవడం లేదు," అన్నాడు, అదేదో అక్క తప్పయినట్టు.

"చెప్పాగా."

"ఆ మాట అలాగే ఉంచండి. అమ్మకం కోసం 'కలుస్తాయి' అని మార్చారో, నేను కొనను." కళ్లద్దాలు మళ్లీ పెట్టుకున్నాడు. "ఇప్పుడు చెప్పండి. ఆ బండ ఎందుకు ఎరుపు?"

అక్క ఆయన వైపు ఒకసారి చూసి ఇంజను స్టార్ట్ చేసింది.

"ముందు ఎక్కండి. రొట్టెలు చల్లారిపోతున్నాయి."